నీళ్ళు కట్టాం

కిందటి వారం మనం ఆ హాలు గుమ్మం దగ్గర ఆగిపోయే వేళకి, బల్ల మధ్యన ఒక చిన్న నల్లటి పెట్టె వచ్చి కూర్చుంది. అందులో టేపు చేసిన ఒక ఫోను గొంతు ఉంది. నడి ఎండాకాలంలో, ఇసుక తేలిన నదిలో, దిగువ కాజ్‌వేకి మరమ్మతు చేస్తున్న ఏడుగురు కూలీల మీదికి ఎగువ ఆనకట్ట నీళ్ళు విరుచుకుపడ్డాయి. ఆ ఉదయమే ఎగువ దేశపు కంట్రోల్ రూము నుంచి దిగువ దేశపు కంట్రోల్ రూముకి ఒక ఫోను వెళ్ళింది. నీళ్ళు వదులుతున్నామని చెప్పామని ఎగువవాళ్ళు, ఆపేశామని చెప్పారని దిగువవాళ్ళు, నాలుగు నెలలుగా ఒకరినొకరు మర్యాదైన భాషలో అబద్ధాలకోరులని తిట్టుకుంటున్నారు. ఆ ఫోను అందుకున్నవాడిగా కాగితాల్లో ఉన్నది దిగువ దేశపు డ్యూటీ ఆపరేటరు. అతని అక్కే దిగువ పక్షపు లాయరు. అతని వదినే ఎగువ పక్షపు చీఫ్ ఇంజనీరు.

ఈ చుట్టరికం విని ఎవరూ ముక్కున వేలేసుకోనక్కరలేదు. ఆ నది పొడుగునా రెండు ఒడ్లవాళ్ళూ పిల్లనిచ్చి పుచ్చుకుంటూనే ఉన్నారు. సరిహద్దు గీత మనుషుల తర్వాత వచ్చింది. లాయరు అన్నయ్య అవతలి ఒడ్డు అమ్మాయిని చేసుకుని అక్కడే స్థిరపడ్డాడు. ఆ అమ్మాయి ఆనకట్ట గేట్ల మధ్యనే జుట్టు నెరిసి, చీఫ్ ఇంజనీరై, ఇవాళ బల్లకి అవతల కూర్చుంది. రెండు ప్రభుత్వాలకీ ఈ సంగతి తెలుసు. తెలిసే ఇద్దరినీ నియమించాయి. చుట్టాలైతే గొంతులు పెరగవని ఒక ప్రభుత్వం అనుకుంది. రెండోది ఏమనుకుందో తెలియడానికి లాయరుకి ఈ ఉదయం దాకా పట్టింది.

హాలు సరిగ్గా సరిహద్దు మీద ఉంది. నేలలో పొదిగిన ఇత్తడి పట్టీ ఒకటి ఈ గోడ దగ్గర మొదలై, బల్ల కిందుగా పాకి, ఎదుటి గోడలోకి దూరిపోతుంది. కిటికీలు ఎగువ దేశానివి, ఏసీ దిగువ దేశానిది. కిటికీలు తెరిస్తే చల్లదనం వృథా అవుతుందని వీళ్ళు, ఏసీ వేస్తే అద్దాలకి చెమ్మ పడుతుందని వాళ్ళు చేసిన వాదన పాత సమావేశాల నివేదికల్లో భద్రంగా ఉంది. ఆడవాళ్ళ బాత్‌రూము మాత్రం ఒక్కటే. అది ఎగువ దేశంలో పడింది. కనుక దిగువ పక్షపు లాయరు చేతులు కడుక్కోవాలన్నా విదేశయానం చేయక తప్పదు.

దిగువ పక్షానికి పెద్ద నదీ కమిషనరుగారు. ఆయన స్వయంగా రావడం ఇదే మొదలు. ఇంతకుముందు సమావేశాలకి ఉప కమిషనరు వచ్చేవాడు. నున్నగా దువ్విన తెల్లజుట్టు, ఇస్త్రీ మడత చెదరని చొక్కా, ఎవరి మనసూ నొప్పించని చిరునవ్వు. ఆయన దేనికైనా ఒప్పుకుంటే ఒక్కసారి ఒప్పుకుని ఊరుకోరు. "మంచిది…" అని ఆగి, అవతలివాడికి ఊపిరి తిరిగాక, ఇంకోసారి "మంచిది" అంటారు. ఆఫీసులో కుర్రవాళ్ళు చాటుగా ఆయనకి పెట్టిన పేరు డబుల్ మంచిది.

ఆ ఉదయం టీ తెచ్చినామె, "చక్కెర లేకుండా తెచ్చానండీ, సరిపోతుందా?" అని అడిగినప్పుడూ అదే వరస.

"మంచిది… మంచిది."

బల్లకి అవతల కాగితాలు సర్దుకుంటున్న చీఫ్ ఇంజనీరు ఆ మాటకి చటుక్కున తలెత్తింది. ఆయన్ని ఒక్క క్షణం చూసి, మళ్ళీ తల దించుకుంది. లాయరు అది చూసింది. చూసి, పట్టించుకోలేదు. ఆమె మనసు పెట్టె మీద ఉంది.

తమ్ముడి వాంగ్మూలం ఆమెకి కంఠతా వచ్చు. రాయడానికి అది ఎంతో లేదు. "నీళ్ళు ఆపారని విన్నాను. కాజ్‌వే మీదికి దిగవచ్చని కూలీలకి కబురు చేశాను." అంతే. ఆరోపణలో ఉన్న మనిషి సాధారణంగా ఎక్కువ మాట్లాడి చెడిపోతాడు. తమ్ముడు చెడిపోలేదని అక్కకి లోలోపల గర్వంగానే ఉంది. పెట్టెలో ఉన్న గొంతు "వదిలాం" అంటే తమ్ముడు జైలుకి వెళతాడు. "ఆపాం" అంటే ఇంటికి వస్తాడు. మూడో మాట ఒకటి ఉండవచ్చని ఆమెకి తట్టలేదు. చదువుకున్నవాళ్ళకి రెండు దారులు కనబడితే మూడోదాన్ని వెతికే అలవాటు పోతుంది.

ఎగువ పక్షపు కార్యదర్శి మీట నొక్కాడు.

ముందు బుర్రుమని ఒక చప్పుడు. దగ్గు. ఆ తర్వాత ఎవరో నడివయసు మనిషి, డ్యూటీ దిగిపోబోతున్న హుషారులో:

"హలో, పైనుంచండీ. నీళ్ళు కట్టాం. చూసుకోండి మరి."

"అదీ!" అన్నాడు కార్యదర్శి, బల్ల చరిచి.

"విన్నారుగా!" అన్నాడు దిగువ పక్షపు జలశాస్త్రవేత్త, అదే క్షణంలో కుర్చీలోంచి సగం లేచి.

గెలిచిన ఊపులో కార్యదర్శి మీట నొక్కి పెట్టెని ఆపేశాడు. ఇద్దరూ ఒకరినొకరు చూసి నవ్వుకున్నారు. నవ్వు నడుస్తుండగానే, ఎదుటివాడు ఎందుకు నవ్వుతున్నాడన్న అనుమానం ఇద్దరికీ ఒకేసారి వచ్చింది.

"మీరెందుకండీ నవ్వుతున్నారు?"

"మీరెందుకు నవ్వుతున్నారో చెప్పండి ముందు."

"నీళ్ళు కట్టాం అన్నాడు కదండీ మావాడు! నీళ్ళొస్తున్నాయి, జాగ్రత్తగా చూసుకోండి అని. ఇంకెలా చెప్పాలి, పాట పాడాలా?"

"కట్టాం అంటే ఆపాం అని కదండీ! కావాలంటే వచ్చి చూసుకోండి అని. కుళాయి కట్టెయ్యి అంటే మీ ఇంట్లో ఏం చేస్తారు, తెరుస్తారా?"

"పొలానికి నీళ్ళు కట్టు అంటే మీ ఇంట్లో ఏం చేస్తారు, ఎండబెడతారా?"

"మా ఇంట్లో పొలం లేదండీ."

"మా ఇంటికి కుళాయి వచ్చి మూడేళ్ళే అయిందండీ!"

సగం లేచిన జలశాస్త్రవేత్త మెల్లిగా కూర్చున్నాడు.

ఎగువ దేశం పొలాల దేశం. అక్కడ కాలువ గట్టు మీద నీళ్ళు కట్టడమంటే మడిలోకి నీటిని మళ్ళించడం, పారించడం. ఆ మాట పొలం నుంచి కాలువకి, కాలువ నుంచి ఆనకట్టకి ఎక్కింది. గేట్లు ఎత్తినప్పుడల్లా అక్కడి ఆపరేటర్లు నీళ్ళు కట్టామనే అంటారు. దిగువ దేశం వీధి కుళాయిల దేశం. అక్కడ నీళ్ళు కట్టడమంటే ధార ఆగడం. తాతల కాలం నుంచి రెండు ఒడ్లవాళ్ళూ తమది ఒకే భాష అని సభల్లో చెప్పుకుని చప్పట్లు కొట్టించుకున్నారు. వేరువేరు భాషలై ఉంటే ఒక దుబాసీని పెట్టేవారు. దుబాసీ తన జీతానికి న్యాయం చేయడానికైనా "కట్టడమంటే ఏమిటండీ?" అని అడిగేవాడు. భాష ఒకటే అయింది కనుక ఎవరూ అడగలేదు. నీటి పనుల మాటలకి అర్థాలు రాసి పెట్టుకుందామని ఎన్నడో ఒక ప్రతిపాదన వచ్చింది. మన భాష మనకి ఒకరు నేర్పడమేమిటని రెండు పక్షాలూ దాన్ని తోసిపుచ్చాయి. రెండు దేశాల ఉమ్మడి నదీ కమిషను ఏకగ్రీవంగా చేసిన పని అదొక్కటే.

లాయరు కుర్చీలో వెనక్కి వాలింది. తను విన్నదీ "ఆపాం" అనే. చట్టంలో ఒక్కొక్క పదాన్ని దీపం పెట్టి వెతికే మనిషి, ఈ పదాన్ని మాత్రం ఇంట్లో మనిషిని నమ్మినట్టు నమ్మింది. సిగ్గు వేసింది. సిగ్గు వెనకే తేలికగా ఊపిరి వచ్చింది. తమ్ముడు అబద్ధం చెప్పలేదు. అవతలివాడూ చెప్పలేదు.

కమిషనరుగారు గొంతు సవరించుకున్నారు.

"చూశారా, ఎంత చిత్రమో! మనం ఇన్నాళ్ళూ మనుషుల్ని అనుమానించాం. ఇందులో ఎవరి తప్పూ లేదు. తప్పు మాటది. ఆ సంగతే ఇద్దరం కలిసి చెప్పేద్దాం. ఇక్కడితో ఈ అధ్యాయం ముగిసిపోతుంది."

నాలుగు నెలలుగా ఒక కామా దగ్గర కూడా రాజీపడని రెండు పక్షాలు, టీ చల్లారేలోగా ఉమ్మడి ప్రకటన ముసాయిదా రాసేశాయి. లాయరు దాన్ని అందుకుని, అలవాటు ప్రకారం, అర్థం వైపు వెళ్ళకుండా ముందు క్రియాపదాలు చూసింది.

"భాషావ్యవహారములోని భేదము కారణముగా సమాచారలోపము ఏర్పడి ప్రాణనష్టము సంభవించినది." సంభవించినది. వడగళ్ళు సంభవించినట్టు. చేసినవాడు లేని క్రియ. ఏడుగురు మనుషులు ఆ వాక్యంలో ఎక్కడా లేరు. కనీసం అంకెగా కూడా లేరు. వాళ్ళలో ఒకడి చెప్పులు కాజ్‌వే గట్టు మీద పక్కపక్కనే విడిచి ఉన్న ఫొటో ఆమె ఫైలులో ఉంది. ఆ చెప్పులకి ఉన్నపాటి చోటు కూడా ఈ ప్రకటనలో లేదు.

తర్వాతి వాక్యంలో మాత్రం మనిషి దొరికాడు. "సందేహము కలిగినయెడల తిరిగి అడుగవలసిన బాధ్యత సందేశము నందుకొన్న ఉద్యోగిదే అయినందున, అతనిపై తగు చర్య గైకొనబడును."

"తప్పు మాటదన్నారు," అంది లాయరు. "శిక్ష మనిషికెందుకు సార్?"

"మాటని సస్పెండ్ చేయలేం కదమ్మా," అన్నారు కమిషనరుగారు.

బల్ల చుట్టూ నవ్వు పుట్టింది. రెండు దేశాలవాళ్ళూ నవ్వారు. చీఫ్ ఇంజనీరు ఒక్కతే నవ్వలేదు.

"రెండు ప్రభుత్వాలు సంతకం పెట్టిన ఈ ఒక్క వాక్యం చాలు సార్. కింది కోర్టు మరో సాక్షిని పిలవదు. వాడు నేరుగా జైలుకి పోతాడు."

"అంత దూరం ఎందుకు ఆలోచిస్తారు? కుర్రవాడు, మనమంతా ఉన్నాం, చూసుకుంటాం. మీ తమ్ముడి మంచి మీకంటే ఎక్కువగా ఎవరు కోరతారమ్మా? అందుకే కదా, ఈ కుర్చీలో మిమ్మల్నే కూర్చోబెట్టాలని నేను పట్టుబట్టింది!"

ముసాయిదా శుభ్రంగా టైపు కావడానికి వెళ్ళింది. చీఫ్ ఇంజనీరు లేచి, "చేతులు కడుక్కుని వస్తాను," అంది గదికంతటికీ. చూపు మాత్రం లాయరు మీద ఒక్క రెప్పపాటు ఎక్కువసేపు నిలిచింది.

బాత్‌రూములో ఒక మూల తడి చీపురు, అద్దానికి అడ్డంగా ఒక పగులు. వదిన తలుపు గడియ వేసి, కుళాయి తిప్పి, ధార కింద చేతులు పెట్టకుండా నిలబడింది.

"ఏమ్మా మరదలా, దీన్ని మీ దేశంలో ఏమంటారు? కట్టడమా, విప్పడమా?"

"వేళాకోళానికి వేళ కాదు వదినా."

"హమ్మయ్య. నాలుగు నెలల తర్వాత వదినా అన్నావు. చీఫ్ ఇంజనీరుగారూ, చీఫ్ ఇంజనీరుగారూ అని చంపేశావు కదే! మీ అన్నయ్య ఇంటికెళ్ళగానే అడుగుతాడు, చెల్లెలు ఏమంది అని. అభ్యంతరం తెలిపింది అంటాను."

లాయరు నవ్వు ఆపుకోలేకపోయింది. ఆ నవ్వు పెదవుల మీద ఉండగానే వదిన గొంతు తగ్గించింది.

"టేపు మొత్తం విన్నావా నువ్వు?"

"విన్నాను కదా, నీ ఎదురుగానే."

"నువ్వు విన్నది మావాడి ముక్క. ఒక్కడే మాట్లాడితే దాన్ని ఫోను అనరు, రేడియో అంటారు. అవతల ఎత్తినవాడు ఏమీ అనడా?"

వదిన సంచిలోంచి తన ఫోను తీసి, ఏదో నొక్కి, ఆడపడుచు చెవికి ఆనించి పట్టుకుంది. కుళాయి హోరులోంచి మళ్ళీ ఆ హుషారు గొంతు వచ్చింది. "నీళ్ళు కట్టాం. చూసుకోండి మరి." ఒక చిన్న ఖాళీ. అప్పుడు, బావి అడుగునుంచి వచ్చినట్టు, సన్నగా, తీరిగ్గా ఇంకో గొంతు.

"మంచిది…"

ఊపిరి తిరిగేంత వ్యవధి.

"మంచిది."

తమ్ముడు ఫోనులో మంచిది అనే మనిషి కాడు. "ఆఁ, ఆఁ, సరే సరే" అని అవతలివాళ్ళ మాట పూర్తికాకుండానే పెట్టేస్తాడు. ఆ అలవాటు మీద అక్క చేత ఎన్ని చివాట్లు తిన్నాడో లెక్కలేదు.

ప్రమాదం జరిగిన ఉదయం కమిషనరుగారు కాజ్‌వే పనులు చూడడానికి వచ్చారని ఆమెకి తెలుసు. అందరికీ తెలుసు. కంట్రోల్ రూము ఆ దారిలోనే ఉంటుంది.

"నీకెప్పటినుంచి తెలుసు?"

"మనవాడు కాదని మొదటి రోజునుంచీ తెలుసు. ఎవరో తెలిసింది మాత్రం ఇవాళే. టీ దగ్గర."

"మొదటి రోజునుంచీ తెలిసి నోరు మూసుకు కూర్చున్నావా? వాడు నీ మరిది వదినా! మా అమ్మకన్నా నువ్వే ఎక్కువ ముద్దు చేశావు వాణ్ణి."

"మరిదే. అందుకే మూసుకున్నాను. నేను నోరు విప్పితే మావాళ్ళేమంటారు? మరిది కోసం దేశాన్ని తాకట్టు పెట్టిందంటారు. మీవాళ్ళేమంటారు? టేపు మార్చారంటారు. పైగా మాకొచ్చిన ఆజ్ఞ ఏమిటో తెలుసా? మావాడి ముక్క దగ్గర ఆపేయమని. మనం చెప్పాం, ఎత్తినవాడు ఎవడైతే మనకేమిటి అని."

"మరి ఇప్పుడెందుకు చెబుతున్నావు?"

వదిన ధారలో వేళ్ళు తడిపి, తీసేసింది.

"మాటని సస్పెండ్ చేయలేం అని నవ్వించాడు చూడు. ఆ ఏడుగురిలో ముగ్గురు మా ఒడ్డువాళ్ళు. మీ వైపు పని దొరికిందని వచ్చారు. ఇళ్ళకి వెళ్ళి చెప్పినదాన్ని నేను. ఆ నవ్వు నాకు అరగలేదే."

లాయరు అద్దంలో పగులుకి అటూ ఇటూ రెండుగా కనబడుతున్న తన మొహాన్ని చూసుకుంది. నీళ్ళు ఆపారని విన్నాను. విన్నాను! ఫోనులో విన్నానని తమ్ముడు ఎక్కడన్నాడు? తనే అనుకుంది. పక్కగదిలోంచి ఒక పెద్దమనిషి తల బయటపెట్టి, "నీళ్ళు ఆపేశారట, దింపెయ్యి" అంటే కూడా అది వినడమే. కట్టాం అన్న మాట మోసిన నేరం అందరికీ కనబడింది. విన్నాను అన్న మాట మోస్తున్న నిజం ఆ వాంగ్మూలాన్ని కంఠతా పట్టిన మనిషికే కనబడలేదు. వాడు అబద్ధమాడలేక ఆ క్రియని ఎంచుకున్నాడు. నిజం చెప్పలేక అక్కడ ఆగిపోయాడు.

"నన్ను ఈ కుర్చీలో కూర్చోబెట్టింది వాడి మంచి కోసం కాదు," అంది నెమ్మదిగా. "ఆ గొంతు వాడిది కాదని చెప్పగలిగినదాన్ని మా పక్షంలో నేనొక్కతెనే. లాయరుగా వచ్చినదాన్ని సాక్ష్యం చెప్పలేను. చెప్పినా, అక్క కదా, అనక ఏమంటుంది అంటారు."

"చుట్టాలైతే గొంతులు పెరగవని మావాళ్ళు అనుకున్నారు. చుట్టాలైతే గొంతులు చెల్లవని మీ కమిషనరు అనుకున్నాడు. ఆయనే తెలివైనవాడు."

"నేను సాక్ష్యం చెప్పను వదినా. అడుగుతాను. అడిగే హక్కు లాయరుకి ఉంది. మీట మీద వేలు మీ కార్యదర్శిది. ఆ వేలు కదలాలంటే నీ మాట కావాలి."

"కదిలితే మీవాళ్ళు లేచి వెళ్ళిపోతారు. వచ్చే ఎండాకాలపు నీళ్ళ ఒప్పందానికి రెండు దేశాలూ నీళ్ళొదులుకోవాల్సిందే. ఆలోచించావా?"

"నీళ్ళొదులుకోవడమంటే మీ వైపు అర్థమేమిటో?"

వదిన ఆమెని ఎగాదిగా చూసింది. "ఆ ఒక్కదానికి మాత్రం రెండు వైపులా ఒకటే అర్థం," అని, కుళాయి కట్టేసింది.

వాళ్ళు తిరిగొచ్చేసరికి ప్రకటన ప్రతులు బల్ల మీద ఉన్నాయి. కమిషనరుగారు అప్పటికే కలం మూత తీసి, అతిథికి పీట చూపించే మర్యాదతో కాగితాన్ని చీఫ్ ఇంజనీరు వైపు కొంచెం జరిపారు. జరిపిన చెయ్యి ఇత్తడి పట్టీ దాటి అవతలి దేశంలో ఉంది.

"సంతకాలకి ముందు ఒక్క మనవి," అంది లాయరు. "రెండో పేరా మొదటి వాక్యం. 'ఉభయపక్షములవారును సంభాషణను ఆమూలాగ్రముగా ఆలకించిన పిమ్మట' అని రాశాం. మనం ఆలకించలేదు. పెట్టె మధ్యలో ఆగింది. మిగిలింది కూడా వింటే ఆ వాక్యం నిజమవుతుంది."

"ఏముందండీ అందులో!" అన్నాడు కార్యదర్శి తొందరగా. "ఆ తర్వాత ఏమీ లేదు."

"ఏమీ లేనిది వినడానికి ఎంతసేపు పడుతుందండీ?"

కార్యదర్శి నీళ్ళు నములుతూ తన పై అధికారి వైపు చూశాడు. "మేడమ్, మనకి పైనుంచి…"

"పైనుంచి వచ్చేవి మనకి అలవాటే," అంది చీఫ్ ఇంజనీరు. "వెయ్యండి."

మీట పడింది. బుర్రుమన్న చప్పుడు, దగ్గు, హుషారు గొంతు, నీళ్ళు కట్టాం, చూసుకోండి మరి. ఈసారి ఎవరూ బల్ల చరచలేదు. ఖాళీ వచ్చింది. ఆ ఖాళీ లోంచి, సన్నగా, తీరిగ్గా, రెండు మాటలు ఒకదాని వెనక ఒకటి నడిచి వచ్చి ఆగాయి.

జలశాస్త్రవేత్త నోట "డబు…" అని సగం వచ్చి, సగం పళ్ళ మధ్య నలిగింది. ఖాళీ కప్పులు తీస్తున్న టీ మనిషి తలెత్తి, ఎవరో పిలిచారనుకున్నట్టు, నేరుగా కమిషనరుగారి వైపే చూసింది. ఆమెకి ఈ వివాదంతో ఏ సంబంధమూ లేదు. పొద్దున ఆయనతో మాట్లాడింది, అంతే.

లాయరు గొంతులో ఏ మార్పూ లేదు. "అవతలి గొంతు సన్నగా ఉంది. సరిగా తెలియడం లేదు. ఇంకోసారి వేయించమంటారా సార్?"

"మంచిది…" అన్నారు కమిషనరుగారు.

గది మొత్తం రెండో మంచిది కోసం ఎదురుచూసింది. రెండు దేశాలూ ఎదురుచూశాయి. ఆయన పెదవులు దాని కోసం ఒకసారి కలిశాయి కూడా. అది రాలేదు. ఎప్పుడూ జంటగా తిరిగే మాట, ఆ బల్ల మీద ఒంటరిగా మిగిలిపోయింది.

ఆయన కలానికి మూత పెట్టారు. చిరునవ్వు మాత్రం చెక్కు చెదరలేదు. లాయరు వైపు కొంచెం వంగి, ఆమెకీ, ఎదురుగా ఉన్న చీఫ్ ఇంజనీరుకీ మాత్రమే వినబడేటట్టు అన్నారు:

"మీ తమ్ముడు ఎత్తవలసిన ఫోను నేనెందుకు ఎత్తవలసి వచ్చిందమ్మా? ఆ పొద్దున కంట్రోల్ రూములో అతని కుర్చీ ఖాళీగా ఎందుకుందో, అతనెక్కడున్నాడో కనుక్కునే వచ్చారా మీరు?"

ఆమె కనుక్కోలేదు. ఏం విన్నావని తమ్ముణ్ణి పదిరకాలుగా అడిగింది. ఎక్కడున్నావని ఒక్కసారి కూడా అడగలేదు.

తెలియనప్పుడు అలవాటుగా చూసే వైపే చూసింది, బల్లకి అవతల వదిన వైపు. బాత్‌రూములో అంత చెప్పిన వదిన, చెప్పవలసింది ఇంకేమీ మిగలనట్టు కుళాయి కట్టేసిన వదిన, ఆమె చూపు తప్పించి, కాగితాల్లో ఏదో వెతుక్కుంటూ తల దించుకుంది.